కలాంక్‌ల తీరంలో పడవ ప్రయాణం: రోజు ఎంచుకోవడం నుంచి గట్టు దిగేదాకా

దక్షిణ ఫ్రాన్స్‌లో మార్సెయ్ నగరానికీ, దానికి తూర్పున ఉన్న కాసీ అనే చిన్న రేవు పట్టణానికీ మధ్య సుమారు 20 కిలోమీటర్ల తీరం ఉంది. ఆ తీరం వెంట రోడ్డు లేదు. రెండు ఊళ్లనూ కలిపే రోడ్డు కొండల వెనక నుంచి వెళ్తుంది. తెల్లటి సున్నపురాతి కొండలు నిట్టనిలువుగా సముద్రంలోకి దిగిపోతాయి. వాటి మధ్య సందుల్లా సముద్రం లోపలికి చొచ్చుకొస్తుంది. ఆ సందులనే అక్కడ కలాంక్‌లు అంటారు. కాలినడకన కొన్నిటిని చేరుకోవచ్చు కానీ తీరం మొత్తం ఒకేసారి కనపడాలంటే పడవ ఎక్కాల్సిందే.

ఊరి పేరు గురించి ఒక మాట. బోర్డుల మీద చివర ఎస్ అక్షరం ఉంటుంది కానీ స్థానికులు దాన్ని పలకరు. 'కాసీ' అంటారు, మన చెవికి కాశీలాగే వినిపిస్తుంది. కాసిస్ అన్నా అర్థం చేసుకుంటారు.

నేను ఈ తీరానికి నాలుగుసార్లు వెళ్లాను. రెండుసార్లు పడవ ఎక్కకుండానే వెనక్కి వచ్చాను. ఆ రెండుసార్లూ తప్పు ఒకటే: తేదీ ముందుగా ఖాయం చేసుకున్నాను, గాలిని పట్టించుకోలేదు. అందుకే టికెట్ల కంటే ముందు గాలి గురించి చెప్తాను.

మొదటి మెట్టు: ఆకాశం కాదు, గాలి చూడండి

మనకు వాతావరణం అంటే మబ్బు, వాన. ఎండ కాస్తే మంచి రోజు అనుకుంటాం. ఇక్కడ ఆ లెక్క పనిచేయదు. ఈ ప్రాంతాన్ని ఏలేది మిస్త్రాల్ అనే గాలి. ఉత్తరం నుంచి వచ్చే చల్లటి గాలి ఆల్ప్స్ కొండలకూ, మధ్య ఫ్రాన్స్ పీఠభూమికీ నడుమ ఉన్న రోన్ నది లోయలో ఇరుక్కుని, వేగం పుంజుకుని సముద్రం మీద పడుతుంది. గట్టిగా వీస్తే గంటకు 90 కిలోమీటర్లు దాటుతుంది. పైగా ఆ గాలి మబ్బుల్ని ఊడ్చేస్తుంది. ఆకాశం అద్దంలా ఉంటుంది, ఎండ మెరుస్తుంటుంది, పడవలు మాత్రం కదలవు. మా అమ్మానాన్నలను తీసుకెళ్లిన రోజు సరిగ్గా అలాగే జరిగింది. ఇంత మంచి ఎండలో ఎందుకు ఆపేశారని నాన్న పదేపదే అడిగారు. గట్టు చివరిదాకా నడిపించి, బయట సముద్రం మీద తెల్లటి నురగ చూపిస్తే అప్పుడు ఒప్పుకున్నారు.

కాసీ రేవు కొండల చాటున ఉంటుంది. అందువల్ల రేవులో నీళ్లు నిలకడగా కనిపించినా మలుపు దాటాక సముద్రం వేరేగా ఉండవచ్చు. తూర్పు గాలి వీచే రోజుల్లో ఎదురు సమస్య. గాలి అంత గట్టిగా అనిపించదు, అలలు మాత్రం నేరుగా కలాంక్‌ల నోళ్లలోకి కొడతాయి. అలాంటప్పుడు పడవ వెళ్లినా లోపలికి దూరకుండా బయట నుంచే తిప్పుకొస్తారు.

మీరు చేయాల్సింది ఇది. బయలుదేరడానికి నాలుగైదు రోజుల ముందు నుంచి ఫ్రెంచ్ వాతావరణ సంస్థ మెతెయో ఫ్రాన్స్ సూచనలు గానీ, విండీ లాంటి యాప్ గానీ చూస్తూ ఉండండి. ఉష్ణోగ్రత కాదు, గాలి వేగం, అది వీచే దిక్కు, అలల ఎత్తు చూడాలి. సముద్రం మీద గాలిని నాట్లలో చెప్తారు. ఒక నాట్ అంటే గంటకు 1.85 కిలోమీటర్లు. నా సొంత కొలత ఏమిటంటే, 10 నాట్ల లోపు ఉంటే హాయిగా వెళ్లొచ్చు. 15 దాటితే కడుపు తిప్పే వాళ్లు ఆలోచించుకోవాలి. 20 దాటిందంటే పెద్ద టూర్లు రద్దవుతాయని ముందే మనసు సిద్ధం చేసుకోవాలి. చివరి మాట ఎప్పుడూ సరంగుదే.

మిస్త్రాల్ మూడు రోజులు, ఆరు రోజులు, లేదంటే తొమ్మిది రోజులు వీస్తుందని అక్కడి పెద్దల లెక్క. ఆ లెక్క ప్రతిసారీ నిజం కాదు కానీ, ఒక్కరోజుతో పోదన్నది మాత్రం నేను చూసిన నిజం. అందుకే ఈ ప్రాంతంలో కనీసం రెండు, వీలైతే మూడు రాత్రులు ఉండేలా చూసుకోండి. పడవకు ఒకే రోజు కేటాయించకండి. ఏ రోజు గాలి తగ్గితే ఆ రోజు పడవ, మిగతా రోజులు ఊరు.

ఏ నెలలో

ఏప్రిల్ చివరి నుంచి జూన్ మధ్య దాకా, మళ్లీ సెప్టెంబరు, అక్టోబరు మొదటి వారాలు. జూలై, ఆగస్టుల్లో యూరప్ మొత్తానికీ సెలవులు కాబట్టి రేవులో నిలబడటానికి చోటుండదు. చలికాలంలో ట్రిప్పులు తక్కువ. వేసవి ఎండలో నీళ్లు వెచ్చగా ఉంటాయనుకుని ఈత బట్టలు తెచ్చుకునే వాళ్లకు ఒక హెచ్చరిక: మిస్త్రాల్ పైనున్న వెచ్చటి నీటిని బయటకు నెట్టేస్తుంది, అడుగు నుంచి చల్లటి నీళ్లు పైకి వస్తాయి. జూలైలో కూడా నీళ్లు ఒక్కసారిగా 15, 16 డిగ్రీలకు పడిపోవడం అక్కడ మామూలే.

ఇండియా నుంచి వచ్చే వాళ్లకు షెంగెన్ వీసా కావాలి. ప్రయాణానికి ఆరు నెలల ముందు నుంచి దరఖాస్తు చేసుకోవచ్చు, పెద్దలకు ఫీజు 90 యూరోలు, సర్వీస్ చార్జీ వేరు. వేసవికి అపాయింట్‌మెంట్లు దొరకడం కష్టం కాబట్టి సెప్టెంబరు ప్రయాణం ఇక్కడా కలిసొస్తుంది. జర్మనీలోనో ఐర్లండ్‌లోనో చదువుకుంటున్న పిల్లల్ని చూడటానికి వచ్చే తల్లిదండ్రులు ఒకటి గుర్తుంచుకోండి: ఐర్లండ్ షెంగెన్‌లో లేదు, ఆ వీసాతో ఇక్కడికి రాలేరు.

ఎక్కడ ఎక్కాలి: మార్సెయ్‌లోనా, కాసీలోనా

మార్సెయ్ పాత రేవు నుంచి కూడా టూర్లు ఉన్నాయి. అవి పెద్ద పడవలు, సమయం రెండు గంటల పైనుంచి మూడు గంటల పైదాకా పడుతుంది. నగరంలోనే బస చేసేవాళ్లకు సుళువు. దారిలో షాటో డీఫ్ కోట ఉన్న దీవి, ఫ్రియూల్ దీవులు, గూద్ మత్స్యకారుల పల్లె కనిపిస్తాయి. కానీ సగం సమయం నగరం దాటి అసలు తీరం చేరడానికే పోతుంది.

కాసీ నుంచి అయితే పది నిమిషాల్లో మొదటి కలాంక్ ముందుంటారు. అన్నిటికంటే అందమైన ఆన్‌వో అనే కలాంక్ కాసీకే దగ్గర. చిన్నపిల్లలు, పెద్దవాళ్లు వెంట ఉంటే నా సలహా ఎప్పుడూ కాసీయే. బహిరంగ సముద్రం మీద తక్కువ సేపు ఉంటారు, కడుపు కూడా తక్కువ తిప్పుతుంది.

కాసీ రేవులో టూర్లను కలాంక్‌ల లెక్కన అమ్ముతారు. మూడు కలాంక్‌ల టూర్‌కు సుమారు 45 నిమిషాలు పడుతుంది. అందులో పోర్ మియూ, పోర్ పాన్, ఆన్‌వో వస్తాయి. అయిదింటిదైతే గంటకు కాస్త పైన, ఎనిమిదింటిదైతే గంటన్నర. ధరలు ఏటా మారతాయి కాబట్టి మనిషికి 20 నుంచి 35 యూరోలు అనుకుని బడ్జెట్ వేసుకోండి.

ఏది తీసుకోవాలని అడిగితే నేను అయిదు అంటాను. మూడింటి టూర్ మరీ తొందరగా అయిపోతుంది. ఇంతేనా అనిపిస్తుంది. అయిదింటిలో ఆన్‌వో దాటాక దవాన్సోన్ కొండచరియలు వస్తాయి. సముద్రంలోంచి 300 మీటర్లకు పైగా లేచే ఆ గోడ కింద పడవ చిన్న ఆకులా అయిపోతుంది. అది చూడకుండా వెనక్కి రాకూడదు. ఎనిమిదింటిది రాళ్లు, భూగర్భశాస్త్రం, ఫొటోలు ఇష్టపడే వాళ్లకు. సముద్రం పూర్తిగా శాంతంగా ఉన్న రోజునే తీసుకోండి.

ఇవన్నీ చూసే టూర్లు. ఎక్కడా దింపరు, ఈతకు ఆపరు. ఈత కావాలంటే అందుకోసమే వేరే చిన్న పడవలు, కయాక్‌లు ఉంటాయి.

చేరుకోవడం, టికెట్ తీసుకోవడం

పారిస్ గార్ ద లియోన్ స్టేషన్ నుంచి మార్సెయ్ సాన్ షార్ల్ స్టేషన్‌కు తేజేవే (TGV) అనే హైస్పీడ్ రైలులో మూడు గంటల పైచిలుకు. అక్కడి నుంచి కాసీకి ప్రాంతీయ రైలులో అరగంట లోపే. అయితే కాసీ స్టేషన్ ఊళ్లో లేదు, రేవుకు మూడు కిలోమీటర్ల పైన, ఎగువన ఉంది. కిందికి బస్సు నడుస్తుంది. రైలు దిగగానే ముందు బస్సు సమయం చూసుకోండి. అది పోతే ఎండలో ద్రాక్షతోటల మధ్య నడక తప్పదు. దిగేటప్పుడు బాగానే ఉంటుంది, సాయంత్రం ఎక్కేటప్పుడు తెలుస్తుంది. కారులో వచ్చే వాళ్లు రేవు దాకా తెచ్చే ఆలోచన మానుకుని, ఊరి పైనున్న గోర్గెత్ పార్కింగ్‌లో పెట్టి షటిల్ బస్సు ఎక్కడం మేలు.

టికెట్ రేవు గట్టు మీదున్న కౌంటర్‌లో తీసుకోవచ్చు. ఉదయం మొదటి ట్రిప్పులకు రండి. జనం తక్కువ, గాలి కూడా చాలా రోజుల్లో మధ్యాహ్నం కంటే ఉదయమే నెమ్మదిగా ఉంటుంది. కౌంటర్ దగ్గరికి వెళ్లగానే ముందు 'బోంజూర్' అనండి. అది అనకుండా నేరుగా ప్రశ్న వేస్తే అక్కడ అమర్యాద కింద లెక్క. బోర్డు మీద 'అన్యులే' అని రాసి ఉంటే రద్దు, 'కోంప్లే' అని ఉంటే నిండిపోయింది. ఈ రెండు మాటలు తెలిస్తే చాలు. డబ్బు కట్టేముందు ఒకటే అడగండి: ఈ రోజు పడవ కలాంక్‌ల లోపలికి వెళ్తుందా, బయటి నుంచే తిప్పుతారా? బయటి నుంచే అంటే, మీకు మరో రోజు ఉంటే ఆగండి.

వెంట ఏం ఉండాలి, కడుపు సంగతేమిటి

ఎండ రోజైనా గాలిని ఆపే పల్చటి జాకెట్ తప్పదు. టోపీకి తాడు ఉండాలి, లేకపోతే అది సముద్రానిదే. నల్ల కళ్లద్దాలు కావాలి, ఎందుకంటే ఆ తెల్ల రాయి మీద ఎండ పడి కళ్లు మండుతాయి. మంచినీళ్లు తెచ్చుకోండి. చిన్న లాంచీల్లో టాయిలెట్ ఉండదనే అనుకుని రేవులోనే పని ముగించుకోండి.

పడవ ఊపుకు వికారం వచ్చే వాళ్లు ఖాళీ కడుపుతో ఎక్కకండి, నిండా తిని కూడా ఎక్కకండి. రెండు బ్రెడ్ ముక్కలో, ఒక అరటిపండో చాలు. మాత్ర వేసుకునే అలవాటుంటే ఎక్కాక కాదు, అరగంట నుంచి గంట ముందే వేసుకోవాలి. ఏ మాత్ర అన్నది ఊరు బయలుదేరే ముందే మీ డాక్టర్‌ని అడిగి తెచ్చుకోండి. మా అమ్మకు అల్లం మురబ్బా పనిచేసింది. పడవ మధ్యలో, వెనక వైపుకు కూర్చుంటే ఊపు తక్కువ. ముక్కు దగ్గర ఊపు ఎక్కువ, నీళ్లు కూడా చిమ్ముతాయి. ఫోన్ తెరలోకి చూస్తూ ఉండకండి. ఆకాశం, సముద్రం కలిసే గీత మీద చూపు నిలిపితే తల నిలబడుతుంది.

పాపికొండల టూర్‌లో లాంచీ ఎక్కగానే లైఫ్ జాకెట్ తొడుక్కోమంటారు. ఇక్కడ సాధారణంగా తొడిగించరు, జాకెట్లు పడవలోనే భద్రపరిచి ఉంటాయి. ఎక్కడున్నాయో అడగడానికి మొహమాటపడకండి, పిల్లలుంటే మరీను. 2019లో కచ్చులూరు దగ్గర గోదావరిలో జరిగింది మనం మరిచిపోలేదు. పడవ వద్దని ఆపిన సరంగు మీద కోపం తెచ్చుకోకూడదని నేను అందుకే అంటాను.

పడవలో: ఏ వైపు కూర్చోవాలి, ఏం చూడాలి

కాసీ నుంచి పడవ పడమటికి వెళ్తుంది. అంటే వెళ్లేటప్పుడు తీరం మీ కుడి పక్క, వచ్చేటప్పుడు ఎడమ పక్క. మార్సెయ్ నుంచి ఎక్కితే వెళ్లేటప్పుడు తీరం ఎడమ పక్కన ఉంటుంది. వెళ్లేటప్పుడు దగ్గరగా, నెమ్మదిగా చూపిస్తారు కాబట్టి కాసీలో కుడి పక్క సీటు పట్టుకోండి. కలాంక్‌ల లోపల పడవ గుండ్రంగా తిరుగుతుంది, అక్కడ అందరికీ అన్నీ కనిపిస్తాయి, తోసుకోనక్కర్లేదు.

రేవు దాటగానే ఒకసారి వెనక్కి తిరగండి. తూర్పున ఎర్రటి గోధుమ రంగులో నిలబడ్డ కొండ కాప్ కానాయ్, 394 మీటర్లు, యూరప్‌లోని ఎత్తైన సముద్రపు కొండచరియల్లో ఒకటి. ముందువైపు అంతా తెలుపు, వెనకవైపు ఎరుపు. కారణం రాయిలోనే ఉంది. పడమటి కొండలు సున్నపురాయి, కాప్ కానాయ్ ఇసుకరాయి, గులకలు కలిసి గట్టిపడ్డ రాయి. ఒకే అఖాతానికి రెండు ఒడ్డులు, రెండు రంగులు.

మొదట వచ్చే పోర్ మియూ పొడవైన సన్నటి సందు, లోపల వందల పడవలు కట్టేసి ఉంటాయి. దాని పక్క గోడలు మెట్లు మెట్లుగా కోసినట్టు ఉన్నాయి చూడండి, అవి పాత రాతి గనులు. కాసీ రాయిని ఇక్కడే తవ్వి నేరుగా ఓడల్లోకి ఎక్కించేవారు. ఇంకో విచిత్రం నీటి కింద ఉంది. కొండల అడుగున గుహల్లో ప్రవహించే ఒక నది ఇక్కడ సముద్ర మట్టానికి కింద బయటపడి ఉప్పునీళ్లలో కలుస్తుంది. బెలుం గుహలు చూసిన వాళ్లకు ఇది సులువుగా అర్థమవుతుంది. సున్నపురాయిని వాననీరు కరిగిస్తూ పోతుంది, నీళ్లు నేల మీద కాకుండా లోపలి దారుల్లో నడుస్తాయి.

కలాంక్‌లు ఏర్పడ్డ తీరు కూడా దానికి దగ్గరే. ఇవి మొదట సముద్రానివి కావు, నేల మీది లోయలు. కిందటి మంచుయుగం ఉధృతంగా ఉన్నప్పుడు సముద్రం ఇప్పటికంటే సుమారు 120 మీటర్లు కిందికి ఉండేది. మంచు కరిగి నీళ్లు పైకి వచ్చాక ఆ లోయలు మునిగాయి. మీ పడవ తేలుతున్నది ఒకప్పటి వాగు దారి మీద.

పోర్ పాన్ చిన్నది, ఒడ్డంతా పైన్ చెట్లు, రాతి పగుళ్లలో వేళ్లు దింపి నీళ్ల మీదికి వంగి ఉంటాయి. దాని పేరు కూడా ఆ చెట్ల మీదే.

ఆ తర్వాత ఆన్‌వో. ఇక్కడ సరంగు ఇంజిన్ శబ్దం తగ్గిస్తాడు. రెండు పక్కలా తెల్లటి గోడలు దగ్గరవుతాయి, ఒక రాతి సూది ఒంటరిగా నిలబడి ఉంటుంది, దాని మీద పర్వతారోహకులు చీమల్లా కనిపిస్తారు. చివర చిన్న గులకరాళ్ల ఒడ్డు. నీళ్లు లోతున్న చోట సిరా నీలం, ఇసుక ఉన్న చోట లేత ఆకుపచ్చ. మధ్యలో నల్లటి మచ్చలు కనిపిస్తే అవి పొసిడోనియా పచ్చిక. నాచు అనుకుంటారు చాలామంది. కాదు, వేరు, ఆకు, పువ్వు అన్నీ ఉన్న మొక్క. చేపలు గుడ్లు పెట్టేది, పిల్లలు పెరిగేది అందులోనే. ఏడాదికి కొన్ని సెంటీమీటర్లు మాత్రమే పాకుతుంది. ఒక్క లంగరు లాగితే ఏళ్ల పెరుగుదల ఊడిపోతుంది. అందుకే దాని మీద లంగరు వేయడం మీద ఆంక్షలున్నాయి. ఇక్కడ ఫొటోలు తీసే వాళ్లకు చిన్న సలహా: తెల్ల రాయి ఫోన్ కెమెరాను మోసం చేస్తుంది, బొమ్మ పాలిపోతుంది. తెర మీద కొండను తాకి వెలుగు కాస్త తగ్గించి తీయండి. రెండు మూడు తీసి ఫోన్ లోపల పెట్టేయండి, ఈ అయిదు నిమిషాలు కళ్లతో చూడాల్సినవి.

పెద్ద టూర్ తీసుకుంటే సుజితోన్, మోర్జియూ కలాంక్‌ల దాకా వెళ్తారు. మోర్జియూ కొన దగ్గర సముద్రం కింద 37 మీటర్ల లోతున ఒక గుహ నోరు ఉంది. అంరీ కోస్కేర్ అనే డైవర్ 1985లో దాన్ని కనుగొన్నాడు. అక్కడి నుంచి పొడవైన సొరంగం పైకి వెళ్లి, నీళ్లు లేని గదిలోకి తెరుచుకుంటుంది. ఆ గోడల మీద గుర్రాలు, పెంగ్విన్ లాంటి పక్షులు, మనిషి చేతి అచ్చులు ఉన్నాయి. పాతవి 27,000 ఏళ్లకు పైబడినవి. బొమ్మలు వేసిన వాళ్లు గుహలోకి నడిచే వెళ్లారు, అప్పుడు సముద్రం అక్కడికి కిలోమీటర్ల దూరంలో ఉండేది. పడవ మీంచి గుహ కనపడదు. కానీ మీ కింద అది ఉందని తెలిసి ఆ కొండను చూడటం వేరు.

ఈ తీరం 2012 ఏప్రిల్ నుంచి జాతీయ పార్కు. నీళ్లలో ఏమీ పారేయకండి, పక్షులకు తిండి వేయకండి. జనం తాకిడికి ఈ నేల తట్టుకోలేకపోతోంది. వేసవిలో రోజుకు 2,500 మంది దాకా దిగిన సుజితోన్‌కు 2022 నుంచి ఆ రోజుల్లో 400 మందినే, అది కూడా ముందుగా ఉచిత రిజర్వేషన్ చేసుకున్న వాళ్లనే రానిస్తున్నారు.

దిగాక

నడవగలిగితే రేవు నుంచి అరగంటలో పోర్ మియూ, గంటలో పోర్ పాన్ కాలినడకన చేరొచ్చు. ఆన్‌వో దారి నిటారుగా, జారుడుగా ఉంటుంది, మంచి బూట్లు లేకుండా వద్దు. జూన్ 1 నుంచి సెప్టెంబరు 30 దాకా అడవి మంటల భయంతో ఏ రోజు ఏ దారి తెరిచారో ముందురోజు ప్రకటిస్తారు, చూసుకుని బయలుదేరండి.

శాకాహారులకు ఈ ఊళ్లలో మెనూ చిన్నదే. అయితే మార్సెయ్ వైపు పానీస్ అని ఒకటి దొరుకుతుంది. శనగపిండిని ఉడికించి, ఆరబెట్టి, ముక్కలు కోసి నూనెలో వేయిస్తారు. నోట్లో పెట్టుకోగానే మన శనగపిండి వంటే అని నాలుకకు తెలిసిపోతుంది. నూనె వేరుగా వాడతారో లేదో మాత్రం అడగండి, కొన్నిచోట్ల అదే నూనెలో చేపలు వేయిస్తారు. సాయంత్రం దాకా ఉంటే కాసీ గట్టు మీద తూర్పు ముఖంగా కూర్చోండి. పడమటి ఎండ పడి కాప్ కానాయ్ రాజుకున్న బొగ్గులా ఎర్రబడుతుంది.

గాలి ఆపేసిన రోజు

రద్దయిన రోజున మార్సెయ్ వెళ్లండి. ముసెమ్ మ్యూజియం పక్కన 2022లో కోస్కేర్ గుహ నమూనా తెరిచారు. అసలు గుహలో సముద్రం ఏటా కాస్త కాస్త పైకి వచ్చి బొమ్మల్ని మింగుతోంది కాబట్టి మామూలు మనిషి వాటిని చూడగలిగేది ఇక్కడే. టికెట్ ముందే బుక్ చేసుకోవడం మేలు.

షాటో డీఫ్ దీవికి వెళ్లే పడవలు కూడా గాలికి ఆగిపోతాయి, దాని మీద ఆశ పెట్టుకోవద్దు. గట్టు మీంచి చూడొచ్చు. ఆ దీవికి మనతో ఒక చుట్టరికం ఉంది. గుజరాత్ సుల్తాన్ పోర్చుగీసు వాళ్లకు ఇచ్చిన ఖడ్గమృగాన్ని 1515 చివర్లో పోర్చుగల్ రాజు పోప్‌కు కానుకగా పంపాడు. 1516 మొదట్లో ఆ ఓడ మార్సెయ్ ముందున్న దీవి దగ్గర ఆగితే ఫ్రాన్స్ రాజు మొదటి ఫ్రాన్స్వా స్వయంగా వెళ్లి దాన్ని చూశాడు. అక్కడి నుంచి ఇటలీ వెళ్తూ తుఫానులో ఓడ మునిగి ఆ మూగజీవి చనిపోయింది. దీవి మీద కోట కట్టింది ఆ తర్వాతే.

రద్దయిన టికెట్ డబ్బు తిరిగిస్తారా, తేదీ మారుస్తారా అన్నది కొనేటప్పుడే అడిగి ఉంచుకోండి. సాయంత్రం మళ్లీ గాలి సూచన చూడండి, రాత్రికి తగ్గుముఖం పడితే మర్నాడు మొదటి రైలుకే కాసీ చేరుకోండి. గాలి వెలిసిన మర్నాటి ఉదయం గాలిలో దుమ్ము ఉండదు, దూరపు కొండ గీతలు కూడా స్పష్టంగా కనిపిస్తాయి. నేను ఆన్‌వో బాగా చూసింది అలాంటి ఉదయమే.